శకుంతల పేరు ముందు సి.ఐ.డి.

ధర్మపురి 1965 అక్టోబరు 2న ప్రత్యేక జిల్లాగా ఏర్పడేవరకు సేలం జిల్లాలో భాగంగానే ఉన్నందున, తమిళంతోపాటు తెలుగు, కన్నడం వినిపించే ఆ ప్రాంతపు సినిమా చరిత్రను సేలం నుండి విడదీసి చెప్పడం సాధ్యం కాదు. మద్రాసులోని సినిమా కేంద్రమైన కోడంబాక్కానికి దూరంగా, సేలంలో ఏర్కాడు కొండకు పోయే దారిలో టి.ఆర్. సుందరం 1935లో నెలకొల్పిన మోడరన్ థియేటర్స్, తొలి మలయాళ టాకీ ‘బాలన్’ (1938) నిర్మించిన సంస్థ. 1963లో ఆయన మరణించిన తరువాత అది జైశంకర్ నాయకుడుగా ‘వల్లవన్ ఒరువన్’ (1966) వంటి నేరపరిశోధన చిత్రాలను తీసింది. తెలుగులో కృష్ణ ‘గూఢచారి 116’ వచ్చినది కూడా ఆ ఏడాదే. తుపాకులు, రహస్య స్థావరాలు, క్లబ్ డాన్సులు, అనగా కథను కాసేపు ఆపి విలన్ విడిదిలో నర్తకిని ఆడించే ఘట్టాలు, ఈ చిత్రాలకు ప్రాణం. ఉద్రేకాన్నే సరుకుగా అమ్మే చవక చిత్రాలను పాశ్చాత్య విమర్శకులు ఎక్స్‌ప్లాయిటేషన్ సినిమా అంటారు. సెన్సారు హద్దుల్లో నడిచిన సేలం చిత్రాలు వాటికి దూరపు బంధువులు మాత్రమే.

సేలంలోని అరిసిపాళయంలో పుట్టి, లలిత, పద్మిని, రాగిణి సోదరీమణుల నాట్యబృందంలో ఆడిన ఎ. శకుంతలను మోడరన్ థియేటర్స్ ‘సి.ఐ.డి. శంకర్’ (1970)లో నాయికను చేసింది. ఆ చిత్రంలో సి.ఐ.డి. ఉద్యోగం జైశంకర్ పాత్రదే అయినా, బిరుదు మాత్రం జీవితాంతం శకుంతలకే అంటుకుంది. నాయిక హోదా అలా నిలవలేదు. అదే ఏడాది తెలుగులో కె.ఎస్.ఆర్. దాస్ ‘రౌడీరాణి’లో విజయలలిత చేతికే తుపాకి ఇచ్చి ప్రతీకార కథను నడిపించగా, తమిళంలో శకుంతలకు దక్కినవి ఎక్కువగా నర్తకి, వ్యాంప్ పాత్రలే. వ్యాంప్ అంటే నాయకుణ్ణి దారితప్పించే మోహిని. ఇది ఆమె ప్రతిభకు జరిగిన స్పష్టమైన అన్యాయం, ఎందుకంటే ‘ప్రేమనగర్’ తమిళ రూపమైన ‘వసంత మాళిగై’ (1972)లో, శివాజీ గణేశన్ వంటి నటుని ఎదుట కూడా ఆమె చూపు తప్పించుకోలేనిదిగా ఉంటుంది.

దక్షిణాది భాషా చిత్రాల్లోను, తరువాత టెలివిజన్ ధారావాహికల్లోను నటించిన ఆమె 2024 సెప్టెంబరు 17న బెంగళూరులో మరణించినప్పుడు, పత్రికలు సి.ఐ.డి. శకుంతల అన్న పేరుతోనే ఆ వార్తను ప్రకటించాయి.