అనిల్ మల్నాడ్

అనిల్ మల్నాడ్ (అసలు పేరు జి.ఆర్. దత్తాత్రేయ) దక్షిణ భారత చలనచిత్ర రంగానికి చెందిన ఎడిటర్. దర్శకుడు వంశీ తీసిన సితార (1984), అన్వేషణ (1985), లేడీస్ టైలర్ (1986) చిత్రాలకు ఈయన కూర్పు చేసాడు. సితార చిత్రానికి ఉత్తమ ఎడిటర్‌గా జాతీయ పురస్కారం అందుకున్నాడు. 2018 మార్చి 19న చెన్నైలో మరణించాడు.

గోదావరి సీమతో అనుబంధం

ఈయన పేరు తెచ్చుకున్న చిత్రాలకు గోదావరి సీమతో దగ్గరి సంబంధం ఉంది. సితార నిర్మాత, పూర్ణోదయా సంస్థ అధినేత ఏడిద నాగేశ్వరరావు కోనసీమలోని కొత్తపేటలో జన్మించాడు. దర్శకుడు వంశీ స్వగ్రామం గౌతమికి ఆవలి ఒడ్డున, రామచంద్రపురం సమీపంలో ఉన్న పసలపూడి. వంశీ తాను రాసిన "మహల్లో కోకిల" నవల ఆధారంగా సితారను రూపొందించాడు.

జాతీయ పురస్కారం

32వ జాతీయ చలనచిత్ర పురస్కారాలలో సితారకు మూడు పురస్కారాలు లభించాయి. ఉత్తమ తెలుగు చిత్రంగా అది ఎంపిక కాగా, ఎస్. జానకి ఉత్తమ గాయనిగా, అనిల్ మల్నాడ్ ఉత్తమ ఎడిటర్‌గా ఎంపికయ్యారు. అంతకు కొద్ది సంవత్సరాల ముందే చిత్రరంగంలో అడుగుపెట్టిన వంశీకి ఈ గుర్తింపు ఎంతో మేలు చేసింది.

లేడీస్ టైలర్

సితార సంగీత ప్రధానమైన విషాద గాథ, అన్వేషణ అడవి నేపథ్యంలో సాగే ఉత్కంఠ కథ. వీటి తరువాత వచ్చిన లేడీస్ టైలర్ పూర్తి హాస్య చిత్రం. స్రవంతి రవికిశోర్ నిర్మించిన ఈ చిత్రానికి తనికెళ్ళ భరణి సంభాషణలు రాయగా, ఇళయరాజా సంగీతం అందించాడు. రాజేంద్ర ప్రసాద్ కథానాయకుడు. బట్టల సత్యం పాత్ర మల్లికార్జునరావుకు మంచి పేరు తెచ్చింది. పల్లెటూరి మనుషుల మాట తీరు, వారి అమాయకత్వం, చిన్న చిన్న దురాశలు ఇందులోని హాస్యానికి ఆధారం.

హాస్య చిత్రాలలో కూర్పు

1980లలో కూర్పు ఫిలిం మీదనే జరిగేది. చిత్రం ఒక రీలు మీద, శబ్దం మరొక రీలు మీద ఉండేవి. ఎడిటర్ వాటిని మూవియోలా యంత్రంపై నడిపి చూసి, కోయవలసిన చోట గుర్తు పెట్టి, ముక్కలను టేపుతో అతికించేవాడు. సెకనుకు 24 ఫ్రేములు నడిచే ఫిలింలో అర సెకను అంటే 12 ఫ్రేములు. హాస్య సన్నివేశం పండటానికైనా, చప్పబడటానికైనా ఆ మాత్రం తేడా చాలు.

హాస్యంలో మాట ఎంత ముఖ్యమో, ఆ మాట విన్నవాడి ముఖం అంత ముఖ్యం. ముఖాన్ని త్వరపడి చూపితే చమత్కారం ముందే తెలిసిపోతుంది, ఆలస్యంగా చూపితే నవ్వు చల్లారుతుంది. సాగదీసి పలికే గోదావరి యాసలో వాక్యం చివరి వరకు ఆగడం మరింత అవసరం. పైగా సినిమాహాలులో ప్రేక్షకుల నవ్వులో తరువాతి సంభాషణ మునిగిపోకుండా కొంత వ్యవధి విడవాలి. టెలివిజన్ హాస్య కార్యక్రమాలకు ఇంట్లో నలుగురైదుగురే ప్రేక్షకులు గనుక అంత వ్యవధి అక్కరలేదు. అందుకే కొన్ని కార్యక్రమాలలో నవ్వుల శబ్దాన్ని విడిగా చేరుస్తారు.

నటుడి పలుకును, రచయిత చమత్కారాన్ని ప్రేక్షకుడు గుర్తుపెట్టుకుంటాడు. కూర్పు సరిగా కుదిరినప్పుడు మాత్రం అది ఎవరి దృష్టికీ రాదు. హాస్య చిత్రాల చర్చలో ఎడిటర్ పేరు అరుదుగా వినిపించడానికి ఇదే ప్రధాన కారణం. విషాదం, ఉత్కంఠ, హాస్యం అనే మూడు భిన్న రసాల చిత్రాలకు మూడేళ్ళ వ్యవధిలో కూర్పు చేసిన అనిల్ మల్నాడ్ పనిని గమనించదలచినవారికి ఈ మూడు చిత్రాలను వరుసగా చూడటం ఉపయోగపడుతుంది.