ధమనిక : ఒక వైద్యపదం, దాని చరిత్ర

గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు ప్రాంతాల వాడుకలో ‘నరం’ అన్న మాట చేయని పని లేదు. కాలు తిమ్మిరెక్కితే నరం పట్టింది అంటారు. సెలైను ఎక్కించడానికి సూది గుచ్చే సిరను నరం అంటారు. పక్షవాతం వచ్చినవానికి మెదడులో నరం చిట్లింది అంటారు. ఈ మూడింటిలో మొదటిది నాడికి, రెండవది సిరకు, మూడవది ధమనికి సంబంధించినవి. శరీరంలో ఒకదానితో ఒకటి పోలికలేని మూడు వ్యవస్థలకు ఒకే పేరు.

ఇది పల్లె ప్రజల అజ్ఞానమని కొట్టిపారవేయకండి. పండితుల తెలుగు కూడా ఇందుకు భిన్నం కాదు. ‘నాడి పట్టి చూచుట’ అన్నప్పుడు వైద్యుడు మణికట్టు వద్ద చూచేది ధమనిని. ‘నాడీమండలం’ అన్నప్పుడు అదే మాటకు మెదడు, వెన్నుపాము, వాటినుండి వెడలే తంతువులు అని అర్థం. ఒక్క మాట రెండు చోట్ల రెండు వస్తువులను చెబుతున్నది. మనమందరం అలవాటుపడి గమనించడం మానివేశాం.

ఈ గజిబిజిలో పూర్తిగా మరుగునపడిన రక్తనాళం ఒకటున్నది. దాని పేరు ధమనిక. ఇంగ్లీషులో ఆర్టీరియోల్ అంటారు. గుండెనుండి బయలుదేరిన బృహద్ధమని కొమ్మలుగా, రెమ్మలుగా చీలుతూ పోయి, కేశనాళికలుగా మారబోయే ముందు దాల్చే చివరి రూపం అది. దాని వ్యాసం సాధారణంగా ఒక మిల్లీమీటరులో పదవవంతుకు లోపే ఉంటుంది, అనగా ఇంచుమించు తలవెండ్రుక మందం. మీ రక్తపుపోటు ఎంత ఉండాలో ప్రధానంగా నిర్ణయించేది ఈ నాళమే. మెదడులో చిట్లిందని చెప్పుకొనే ‘నరం’ కూడా చాలాసార్లు ఈ కోవకు చెందిన సన్నని నాళమే.

పదం పుట్టుకను చూడండి. సంస్కృతంలో ‘ధ్మా’ ధాతువుకు ఊదుట అని అర్థం. కొలిమితిత్తిని ఊదినట్లు ఊదేది ధమని. గ్రీకు భాషలో ధమనికి పేరైన ‘ఆర్టీరియా’ మొదట వాయునాళానికి, అనగా శ్వాస పోయే గొట్టానికి కూడా చెల్లిన పేరు. క్రీస్తుపూర్వం నాలుగవ శతాబ్దంలో ప్రాక్సాగొరస్, ఆ తరువాత ఎరసిస్ట్రాటస్ ధమనులలో ఉండేది వాయువని నమ్మారు. చనిపోయిన శరీరాన్ని కోసి చూస్తే సిరలలో రక్తం నిలిచి ఉంటుంది, ధమనులు దాదాపు ఖాళీగా కనిపిస్తాయి. కాబట్టి ఆ ఊహ తెలివితక్కువది కాదు. క్రీస్తుశకం రెండవ శతాబ్దంలో గేలెన్ బ్రతికి ఉన్న జంతువు ధమనిని రెండు చోట్ల ముడివేసి, నడుమ కోసి, లోపల రక్తమే ఉన్నదని చూపించాడు. ఊహ పోయింది, పేరు మాత్రం నిలిచింది. తెలుగులోను అంతే: ఊపిరికి చెందిన మాటతో రక్తనాళాన్ని పిలుస్తున్నాం.

సుశ్రుతసంహిత శారీరస్థానంలో ధమనులు ఇరవైనాలుగని చెప్పబడింది. వాటిలో అడ్డముగా పోయే నాలుగు వందలుగా, వేలుగా చీలుతూ లెక్కకు అందకుండా శరీరమంతటా వలవలె వ్యాపించి రోమకూపాలదాకా పోతాయని వర్ణన. అందమైన వర్ణనే. కానీ దీనిని చూపి మన పూర్వులకు ధమనికలు తెలుసునని వాదించడం తొందరపాటు. అక్కడి ధమని శబ్దాన్ని, రూపాన్ని, స్వేదాన్ని కూడా మోసుకొనిపోతుంది. సూక్ష్మదర్శిని లేకుండా ఆ చివరి నాళాలను చూడడం సాధ్యం కాదు. విలియం హార్వే 1628లో రక్తప్రసరణను నిరూపించినప్పుడు కూడా ధమనినుండి సిరకు రక్తం ఏ దారిన పోతుందో చూపలేకపోయాడు. 1661లో మాల్పీగీ కప్ప ఊపిరితిత్తిలో కేశనాళికలను చూచి ఆ లోటు తీర్చాడు.

లాటిన్‌లో ‘ఆర్టీరియా’కు చిన్నతనాన్ని తెలిపే ప్రత్యయం చేర్చి ‘ఆర్టీరియోలా’ చేశారు. తెలుగు శాస్త్రరచయితలు అదే పనిని సంస్కృత ప్రత్యయంతో చేశారు: నాళంనుండి నాళిక, కణంనుండి కణిక వచ్చినట్లే ధమనినుండి ధమనిక. 1968లో తెలుగు అకాడమి ఏర్పడి, తెలుగు మాధ్యమంలో ఉన్నతవిద్యకు పుస్తకాలు వెలువడిన దశలో ఇటువంటి మాటలకు చలామణి పెరిగింది. కొందరు సూక్ష్మధమని అని కూడా వ్రాస్తారు. నాకు ధమనికే ఇష్టం. పొట్టిగా ఉన్నది, నోరు తిరుగుతుంది.

ఇక ఆ చిన్న గొట్టం చేసే పని. ఇది చెప్పడానికి లండన్‌కో పారిస్‌కో పోనవసరం లేదు. వనపర్తి జిల్లా శ్రీరంగాపురంలో రంగసముద్రం ఉన్నది, నాగర్‌కర్నూలు ఊరి వద్ద కేసరిసముద్రం ఉన్నది, గద్వాల వైపు జూరాల కాలువ ఉన్నది. చెరువు ఎంత పెద్దదైనా, ఏ పొలానికి ఎంత నీరు పోవాలో నిర్ణయించేది తూము. దానిని ఎత్తి దించే బాధ్యత పూర్వం ఊరి నీరడిది. ధమనిక సరిగ్గా తూము వంటిది. దాని గోడలో, గొట్టపు పరిమాణంతో పోలిస్తే దళసరి అయిన కండరపు పొర ఉంటుంది. ఆ కండరం బిగిస్తే దారి ఇరుకవుతుంది, వదులైతే వెడల్పవుతుంది. అన్నం తిన్నప్పుడు ప్రేగులకు, పరుగెత్తినప్పుడు కాళ్ళ కండరాలకు, ఎండలో చర్మానికి రక్తం ఎక్కువగా మళ్ళేది ఈ బిగింపు సడలింపులతోనే.

నీరడి స్థానంలో ఉన్నవి ముఖ్యంగా సహవేదన నాడులు. 1850ల తొలినాళ్ళలో క్లాడ్ బెర్నార్డ్ కుందేలు మెడలో ఆ నాడిని త్రెంచగా ఆ వైపు చెవి వెచ్చబడి ఎర్రబడింది. నాడి తెగింది, తూములు తెరుచుకున్నాయి. ‘నరం’ అని మన వాడుక ఒకటిగా కలిపివేసిన రెండు వస్తువుల నడుమ ఉన్న అసలు సంబంధం ఇదే: ఒకటి ఆజ్ఞ, మరొకటి ఆజ్ఞను పాటించే గొట్టం.

తూములన్నీ ఒకేసారి సగం మూసివేస్తే ఏమవుతుంది? పొలాలకు నీరు తగ్గుతుంది, చెరువులో మట్టం పెరుగుతుంది, కట్టమీద ఒత్తిడి పడుతుంది. పైగా ఇక్కడ లెక్క చాలా కఠినమైనది. సన్నని గొట్టాలలో ప్రవాహాన్ని కొలిచిన ప్వాజోయ్ 1840 ప్రాంతంలో తేల్చిన సూత్రం ప్రకారం, గొట్టపు వ్యాసార్ధం సగమైతే ప్రవాహానికి అడ్డు రెండింతలు కాదు, పదహారింతలు అవుతుంది. అందుకే ధమనికలలో కొద్దిపాటి బిగింపు కూడా రక్తపుపోటును గణనీయంగా పెంచుతుంది. పెరిగిన పోటుకు ఎదురీదవలసింది గుండె.

ఈ సంగతి వైద్యులకు తెలిసిరావడానికి కలహాలు జరిగాయి. 1836లో రిచర్డ్ బ్రైట్, మూత్రపిండాలు చెడినవారిలో గుండె కూడా పెద్దదై ఉన్నదని గుర్తించి, సన్నని రక్తనాళాలలో ప్రవాహానికి అడ్డు పెరగడం ఒక కారణం కావచ్చునన్నాడు. 1868లో జార్జ్ జాన్సన్ ధమనికల గోడలోని కండరమే దళసరి అవుతున్నదన్నాడు. 1872లో గల్, సటన్ అనే ఇద్దరు, పెరిగేది కండరం కాదు, పీచువంటి గాజువన్నె పదార్థమని, జబ్బు మూత్రపిండానికే పరిమితం కాక శరీరమంతటి సన్నని నాళాలదని వాదించారు. ఇరుపక్షాలు లండన్ సంఘాల సమావేశాలలో సూక్ష్మదర్శినులు ఎదుట పెట్టుకొని తగవులాడుకున్నాయి. ఇప్పుడు వెనుదిరిగి చూస్తే ఇరువురూ చూచినది నిజమే. రక్తపుపోటు దీర్ఘకాలం ఉన్నవారి ధమనికలలో రెండు మార్పులూ ఉంటాయి. పీచుకట్టిన తూము మరి తేలికగా తెరుచుకోదు. రోగి చేతికి పట్టీ చుట్టి పోటును కొలిచే పద్ధతి రీవా-రోచీ వలన 1896లో గాని రాలేదు. అంకెకంటే ముందే నాళం దొరికిందన్నమాట.

ఈ శాస్త్రం మన ప్రాంతానికి మొదట ఉర్దూలో వచ్చింది. 1846లో ప్రారంభమైన హైదరాబాదు వైద్య పాఠశాలలో తొలినాళ్ళ బోధన ఉర్దూలోనే సాగింది. 1917లో అనువాదశాఖను నెలకొల్పి, మరుసటి సంవత్సరం స్థాపితమైన ఉస్మానియా విశ్వవిద్యాలయం కోసం పెద్దయెత్తున శాస్త్రపదాలను తయారుచేయించారు. ఆ భాషలో ధమని ‘శిర్యాన్’, సిర ‘వరీద్’. కేశనాళికలకు వాడిన మాటలోను వెండ్రుక ఉన్నది. లాటిన్, ఉర్దూ, తెలుగు మూడూ ఆ నాళాన్ని వెండ్రుకతోనే పోల్చాయి. గద్వాల, వనపర్తి సంస్థానాలు తెలుగు, సంస్కృత పండితులను ఎంతగా ఆదరించినా, అక్కడి కావ్యగోష్ఠులకు, నగరంలోని వైద్యశాలకు నడుమ భాషావారధి ఏర్పడలేదు. గద్వాల ప్రాంతపు ఇటిక్యాలపాడులో పుట్టి, 1952లో వనపర్తినుండి శాసనసభకు ఎన్నికైన సురవరం ప్రతాపరెడ్డి, నిఘంటువులు తేల్చక వదలిన మాటలకు ప్రజల వాడుకలో అర్థం వెదకిన మనిషి. ఆయన పద్ధతిని వైద్యపదాలకు కూడా వర్తింపజేసినవారు ఉంటే ఎంత బాగుండేది!

ఇప్పుడా అవసరం మరింత ఉన్నది. 2022 నవంబరు 15న వనపర్తి, నాగర్‌కర్నూలు పట్టణాలలో ప్రభుత్వ వైద్యకళాశాలలు ప్రారంభమయ్యాయి. 2024లో గద్వాలకూ వచ్చింది. అక్కడి విద్యార్థి పగలు ఆర్టీరియోల్ అని చదివి, ఆ తరువాత వార్డులో నరం అని వింటాడు. 2022 అక్టోబరులో భోపాల్‌లో హిందీ వైద్యపుస్తకాలను విడుదల చేసినప్పుడు అందులో ఇంగ్లీషు పదాలను దేవనాగరి లిపిలోనే ఉంచారు. తెలుగులో కూడా ఆర్టీరియోల్ అనే వ్రాస్తే నాకు అభ్యంతరం లేదు, ఆ మాట వెనుక ఉన్న వస్తువు రోగికి అర్థమైతే.

అర్థం కాకపోతే జరిగే నష్టం ఇది. రక్తపుపోటు మాత్రలు వాడి పోటు సాధారణస్థాయికి వచ్చినవారు, “బీపీ తగ్గింది, గోలీలు బంద్ చేసిన” అంటారు. తల బరువుగా ఉంటే నరాల బలహీనత అనుకొని బలం సూది వేయించుకుంటారు. ఆ సూదిలోని విటమినుకు ధమనికల బిగింపుతో సంబంధం లేదు. అమ్లోడిపిన్ వంటి మాత్ర ఆ నాళాల కండరాన్ని వదులుచేసి ఉంచుతుంది; మందు శరీరంలో ఉన్నంతవరకే ఆ సడలింపు. మాత్ర మానివేసిన కొద్దిరోజులకు తూములు మళ్ళీ బిగుస్తాయి. తెలియజెప్పడానికి నొప్పి ఉండదు. మెదడులో, మూత్రపిండంలో, కంటిలో గోడలు మాత్రం మందమవుతూ పోతాయి. చక్కెరవ్యాధి కూడా ఉంటే ఈ హాని మరింత వేగంగా జరుగుతుంది.

శరీరంలో ధమనికలను కోతలేకుండా తిన్నగా చూడగలిగే చోటు ఒకటున్నది, కంటి వెనుకనున్న నేత్రపటలం. 1851లో హెల్మ్‌హోల్ట్జ్ నిర్మించిన నేత్రదర్శినితో అది సాధ్యమైంది. మీకు రక్తపుపోటు గాని, చక్కెరవ్యాధి గాని ఉంటే, కంటివైద్యుడు పాపలో చుక్కలు వేసి వెనుకభాగం చూచేటప్పుడు, “సన్న రక్తనాళాలు ఎట్లా ఉన్నాయి?” అని అడగండి. ధమనిక అన్న మాట ఆయనకు తెలియకపోవచ్చు. సన్న రక్తనాళం అంటే ఇద్దరికీ తెలుస్తుంది. దానితోపాటు మూత్రంలో ఆల్బుమిన్ పరీక్ష కూడా చేయించుకోండి. మూత్రపిండాలలోని సన్న నాళాల స్థితి కొంతవరకు దానిలో తెలుస్తుంది.