తొలి గుర్తింపుకే విలువ: అపరిచిత నేరస్థులను సాక్షులు గుర్తించే తీరుపై ఒక పరిశీలన

నేరం చేసినవాడు సాక్షికి ముందే తెలిసిన మనిషైతే గుర్తింపు మీద పెద్దగా తగాదా ఉండదు. చిక్కంతా అపరిచితుడి దగ్గరే. చీకట్లో కొన్ని క్షణాలు చూసిన ముఖాన్ని ఏళ్ల తర్వాత కోర్టులో చూపించమంటాం. మన న్యాయస్థానాల్లో స్థిరపడిన సూత్రం ప్రకారం, సాక్షి ప్రమాణం చేసి బోనులోని ముద్దాయిని చూపించడమే అసలు సాక్ష్యం. అంతకుముందు మెజిస్ట్రేట్ జరిపిన గుర్తింపు పరేడ్ (అనుమానితుణ్ణి ఇతరులతో కలిపి వరసలో నిలబెట్టి సాక్షికి చూపించడం) దానికి బలం చేకూర్చేదే తప్ప స్వతంత్ర సాక్ష్యం కాదు. 1872 నాటి సాక్ష్య చట్టం 9వ సెక్షన్‌ నీడలో పెరిగిన ఈ సూత్రానికి, 2024 జూలై 1న అమల్లోకి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమంలోని 7వ సెక్షన్ కింద కూడా మార్పేమీ రాలేదు. జ్ఞాపకం పనిచేసే తీరును బట్టి చూస్తే ఈ వరస తలకిందులుగా ఉందన్నదే ఈ వ్యాసం వాదన.

అమెరికాలోని నార్త్ కరోలినా రాష్ట్రంలో రోనాల్డ్ కాటన్ కేసు ఇందుకు గట్టి ఆధారం. 1984లో బర్లింగ్టన్‌లో అత్యాచారానికి గురైన యువతి, దుండగుడి ముఖాన్ని పట్టుబట్టి గుర్తుపెట్టుకుంది. పోలీసులు చూపిన ఫొటోల్లో ఆమె వెంటనే ఎవరినీ తేల్చలేదు. కొన్ని నిమిషాలు చూసి చూసి కాటన్ ఫొటో ఎంచుకుంది. తర్వాత మనుషులను వరసలో నిలబెట్టినప్పుడు ఇద్దరి మధ్య ఊగిసలాడి, చివరికి అతణ్ణే చూపించింది. ఫొటోల్లోనూ వరసలోనూ ఉన్నవాడు అతనొక్కడే. ఫొటోలో ఎంచుకున్నదీ అతణ్ణేనని పోలీసులు ఆమెకు చెప్పారు. 1985లో విచారణ నాటికి ఆమెలో అనుమానం ఆనవాలైనా మిగల్లేదు. 1987లో పునర్విచారణ జరిగినప్పుడు అసలు నేరస్థుణ్ణి ఎదురుగా నిలబెట్టినా, అతణ్ణి ఎన్నడూ చూడలేదంది. పదేళ్లకు పైగా జైల్లో గడిపాక, 1995లో డీఎన్ఏ పరీక్ష కాటన్‌ను నిర్దోషిగా తేల్చింది. ఆమె అబద్ధమాడలేదు. తొలినాటి తడబాటు దర్యాప్తు చేతుల్లో ధీమాగా మారింది. జ్యూరీ ముందుకు వచ్చింది ఆ ధీమాయే.

ఇలా మారడం యాదృచ్ఛికం కాదు. గ్యారీ వెల్స్, ఎమీ బ్రాడ్‌ఫీల్డ్ 1998లో ప్రచురించిన ప్రయోగంలో, నిఘా కెమెరా దృశ్యం చూసినవారికి అసలు నేరస్థుడు లేని ఫొటోల వరస ఇచ్చారు. ఎంచుకున్నవారంతా తప్పే ఎంచుకున్నారు. వారిలో కొందరికి మాత్రం, మీరు అనుమానితుణ్ణి సరిగ్గా గుర్తించారని చెప్పారు. వాళ్లకు తమ ఎంపిక మీద నమ్మకం పెరగడమే కాదు, ముఖం బాగా కనిపించిందనీ శ్రద్ధగా చూశామనీ కూడా మిగతావారికంటే గట్టిగా చెప్పారు. అంటే ఎంత వెలుతురుంది, ఎంతసేపు చూశావు అని క్రాస్ ఎగ్జామినేషన్‌లో లాయరు అడిగే ప్రశ్నలకు వచ్చే జవాబులే అప్పటికి రంగు మారిపోయి ఉంటాయి. అబద్ధాన్ని బయటపెట్టడానికి పనికొచ్చే సాధనం, నిజాయితీగా పొరబడిన సాక్షి ముందు మొద్దుబారుతుంది. పైగా కోర్టు హాల్లో బోనులో నిలబడినవాడెవరో చెప్పడానికి జ్ఞాపకంతో పని లేదు.

తొలి గుర్తింపును జాగ్రత్తగా జరిపే పద్ధతి మనకు తెలియనిదేమీ కాదు. ఆంధ్రప్రదేశ్ క్రిమినల్ రూల్స్ ఆఫ్ ప్రాక్టీస్, 1990లోని 34వ నియమం ప్రకారం, అనుమానితుడితో నిలబెట్టే ఇతరులు వయసులో, ఎత్తులో, రూపంలో అతణ్ణి పోలి ఉండాలి. ఎక్కడ నిలబడాలో అతనే ఎంచుకోవచ్చు. సాక్షులు ఒక్కొక్కరుగా రావాలి, చూసి వెళ్లినవారు ఇంకా చూడనివారితో మాట్లాడకూడదు. పరేడ్‌కు ముందే సాక్షులు నిందితులను చూసే అవకాశం ఉంటే ఆ గుర్తింపుకు విలువ లేదని 2022లో గిరీశన్ నాయర్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కానీ అసలు పరేడే లేకపోయినా, కోర్టు గుర్తింపు నమ్మదగినదనిపిస్తే దాని మీద శిక్ష నిలుస్తుందని 2003లో మల్ఖాన్‌సింగ్ కేసులో అదే కోర్టు అంగీకరించింది. పరీక్ష సరిగ్గా పెట్టకపోతే తప్పు, అసలు పెట్టకపోతే ఫరవాలేదన్న ఈ రెండు తీర్పుల మధ్య ఖాళీలోనే ప్రమాదం ఉంది.

తొలి గుర్తింపునే అసలు సాక్ష్యంగా చూడాలనీ, అప్పుడు సాక్షి చూపిన నమ్మకాన్ని నమోదు చేయాలనీ అనడానికి బలమైన అభ్యంతరాలు రెండున్నాయి. పరేడ్‌లో సాక్షి ప్రమాణం చేయడు, అతణ్ణి ఎవరూ క్రాస్ చేయరు, అలాంటిదాన్ని అసలు సాక్ష్యంగా ఎలా తీసుకుంటామన్నది మొదటిది. అయితే సాక్షీ, పరేడ్ జరిపిన మెజిస్ట్రేటూ ఇద్దరూ విచారణలో ప్రశ్నలకు అందుబాటులో ఉంటారు. బెదిరింపుకో ప్రలోభానికో లొంగి సాక్షి అడ్డం తిరిగినప్పుడు, తొలి గుర్తింపుకు సొంత విలువ ఉంటే ప్రాసిక్యూషన్‌కే మేలు. కాబట్టి ఇది ముద్దాయిల పక్షపు వాదన కాదు. సాక్షి ధీమాను నమ్మలేమంటూనే దాన్ని నమోదు చేయమనడం పరస్పర విరుద్ధం కాదా అన్నది రెండోది. జాన్ విక్స్‌టెడ్, గ్యారీ వెల్స్ 2017లో చేసిన సమీక్ష దీనికి జవాబిస్తుంది. ఏ సూచనా లేకుండా జరిగిన మొదటి పరీక్షలో సాక్షి చూపిన నమ్మకానికీ గుర్తింపు కచ్చితత్వానికీ గట్టి సంబంధం ఉంది. చెడిపోయేది ఆ తర్వాత పేరుకునే నమ్మకమే.

భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 54వ సెక్షన్, గుర్తించే సాక్షి వికలాంగుడైతే ఆ ప్రక్రియను ఆడియో, వీడియోలో రికార్డు చేయమంటోంది. ఆ రక్షణను ప్రతి పరేడ్‌కూ వర్తింపజేయాలి. సాక్షి ఎంత నమ్మకంగా గుర్తించాడో అతని మాటల్లోనే అక్కడికక్కడే మెజిస్ట్రేట్ రాసుకోవాలి. ముందస్తు గుర్తింపు లేకుండా అపరిచితుణ్ణి తొలిసారి బోనులో చూపించిన సాక్ష్యం ఒక్కదాని ఆధారంగా ఎవరికీ శిక్ష వేయకూడదు.