బెంట్లీ పండితుని పట్టములు

మన ధర్మశాస్త్రకారులు వ్యవహారమునకు నాలుగు పాదములు చెప్పిరి. వాది మొఱ భాష. ప్రతివాది సమాధానము ఉత్తరము. సాక్ష్యాదులచే ఋజువు చేయుట క్రియ. ఆ పిమ్మటనే నిర్ణయము. పాఠశాలలలో ఉపాధ్యాయునో గుమాస్తానో కొలువునుండి నిలిపివేయునపుడు పెక్కుచోట్ల జరుగునది మొదటి పాదమునుండి నాలుగవ పాదమునకు దూఁకుట. ఈ దూఁకుడు తగదని ఆంగ్లదేశమున స్థిరపఱచిన పాత వ్యాజ్యములలో నొకటి విద్యాపీఠమునకే సంబంధించినది. దానిని మా పాఠకుల కెఱిఁగింపఁ దలఁచితిమి.

రిచర్డు బెంట్లీ కేంబ్రిడ్జిలోని ట్రినిటీ కళాశాలకు అధ్యక్షుఁడు. ఆ విశ్వవిద్యాలయముననే దైవశాస్త్రమునకు రాజనియుక్తుఁడైన ఆచార్యుఁడు. ఫాలారిసు లేఖలని పేరొందిన గ్రీకు జాబులు కూటకృతులని 1699లో నిరూపించిన మహాపండితుఁడు. పాండిత్యమెంతయో కలహప్రియత్వమును నంతయే. 1717లో మొదటి జార్జి రాజు కేంబ్రిడ్జికి విచ్చేసిన సందర్భమున కొందఱికి డాక్టరు పట్టములు లభించెను. అప్పుడు బెంట్లీ తనకు నాలుగేసి గినీలు అదనముగా రావలెనని పట్టుపట్టెను. కానియర్సు మిడిల్టను అను నాతఁడు సొమ్ము చెల్లించి, తరువాత దానిని రాఁబట్టుకొనుటకు విశ్వవిద్యాలయోపాధ్యక్షుని న్యాయసభలో దావా వేసెను. తాఖీదు తెచ్చిన యుద్యోగి యెదుట బెంట్లీ ఆ సభ యధికారమును తూలనాడెనని అభియోగము వచ్చెను. నాలుగు గినీల తగవు ఎంతవఱకు ప్రాఁకెనో చూడుఁడు! 1718 అక్టోబరులో ఉపాధ్యక్షుఁడు బెంట్లీ పట్టములను మొదట నిలిపివేసెను. ఆ నెలలోనే విశ్వవిద్యాలయసభ వానిని పూర్తిగాఁ దీసివేసెను. నీవేమి చెప్పుకొందువని ఆయనను పిలిచి యడిగినవారు లేరు.

బెంట్లీ రాజన్యాయస్థానమున కెక్కెను. వినకుండ శిక్షించుట చెల్లదనియు, పట్టములు తిరిగి యీవలెననియు 1723లో తీర్పయ్యెను. న్యాయమూర్తులలో ఫార్టెస్క్యూ యొక చక్కని సంగతి జ్ఞప్తికి తెచ్చెను. నిషిద్ధఫలమును దిన్న ఆదామును సైతము ఈశ్వరుఁడు శిక్షకు ముందు పిలిచి ప్రశ్నించెనుగదా యని దాని సారాంశము. సర్వజ్ఞునకు అడిగి తెలిసికొనవలసిన దేమున్నది? వినుట న్యాయాధిపతికి తెలియని సంగతి తెలియుటకు మాత్రమే కాదనియు, అది శిక్షింపఁబడువానికి చెల్లవలసిన ఋణమనియు ఇందువలన మాకుఁ దోఁచుచున్నది. 1724లో పట్టములు తిరిగి వచ్చెను. అప్పటికి అయిదేండ్లు దాఁటెను.

బెంట్లీ సాధువని మేము చెప్పుట లేదు. తన కళాశాలవారితో ఏండ్లతరబడి పోరాడి, 1734లో ఈలీ బిషప్పుచేత పదవీచ్యుతుఁడు కావలెనని తీర్పు పొందినవాఁడు. దాని నమలుపఱుపవలసిన కళాశాల సహాయాధ్యక్షుఁడు కదలకుండుటచే 1742లో మరణించువఱకు ఆ పీఠముననే కూర్చుండెను. అట్టివానికిఁ గూడ తన మాట చెప్పుకొను హక్కుండుటలోనే ఈ న్యాయము విలువ యున్నది. మంచివాని మాట ఎవ్వరైనను విందురు.

ఆచార్యునినుండి కావలివానిదాఁక ఈ న్యాయము దిగుటకు చాలకాలము పట్టెను. అమెరికాలో క్లీవ్లండు విద్యామండలి, పూర్వపు శిక్షను దరఖాస్తులో దాఁచెనని యొక కావలివానిని తొలగించెను. అది అంత పెద్ద నేరముగా లెక్కకు వచ్చునని తా నెఱుఁగనని ఆతని సమాధానము. తొలగింపునకు ముందే ఆరోపణను తెలిపి, ఆధారములు చెప్పి, ఆతని మాట వినవలసియుండెనని 1985లో అచ్చటి సర్వోన్నత న్యాయస్థానము పలికెను. అయితే 1997లో అదే న్యాయస్థానము, నేరారోపణకు గుఱియైన విశ్వవిద్యాలయపు పోలీసును జీతము లేకుండ నిలిపివేయుటకు ముందుగా విననక్కఱలేదనియు, తరువాత శీఘ్రముగా వినినఁ జాలుననియు నిర్ణయించెను. ఈ రెండవ తీర్పు మాకు అంతగా రుచింపలేదు. నెలజీతముపై గడచు సంసారమునకు నిలిపివేతయే శిక్ష. శీఘ్రమను మాటకు కార్యాలయములలో అర్థము వేఱు.

1982 నాఁటి ఆంధ్రప్రదేశ్ విద్యాచట్టము ఈ విషయమున నయము. ప్రైవేటు విద్యాసంస్థలలో ఉపాధ్యాయులకే గాక తక్కిన సిబ్బందికిని, ఆరోపణలు తెలిపి తగిన యవకాశ మీయనిదే తొలగింపు కూడదని 79వ సెక్షను విధించెను. నిలిపివేతకు రెండు నెలల గడువు పెట్టెను. ఆలోగా విచారణ ముగియనిచో, ఆలస్యము ఉద్యోగి వలన కలిగినది కాకున్న, విచారణ సాగుచున్నను ఆతఁడు తిరిగి కొలువులో చేరినట్లే.