లొకేషన్ చిత్రీకరణలో కళాదర్శకుని పాత్ర: బన్సీ చంద్రగుప్త ఉదాహరణ

పరిచయం

చలనచిత్రాన్ని చారిత్రక ఆధారంగా స్వీకరించవచ్చునా? ఈ భాగం చదువుతున్నంతసేపూ ఈ ప్రశ్నను మనసులో ఉంచుకోండి. తెలుగు సినిమా ప్రారంభంలో 'కళ' అన్న ఒక్క మాట పక్కన ఒక పేరు కనిపిస్తుంది. ఇళ్లు, గోడలు, సామాన్లు, రంగులు, ఇలా తెరమీది పరిసరాలకు రూపమిచ్చే వ్యక్తి ఆయనే. 1939 నాటి 'గాన్ విత్ ది విండ్' చిత్రానికి విలియం కామెరాన్ మెంజీస్ చేసిన పనితో 'ప్రొడక్షన్ డిజైనర్' అన్న హోదాకు గుర్తింపు వచ్చింది. మన దేశంలో మాత్రం చాలాకాలం ఆర్ట్ డైరెక్టర్, కళాదర్శకుడు అన్న పేర్లే వాడుకలో ఉన్నాయి.

'మాయాబజార్' (1957)కు గోఖలే, కళాధర్ రూపొందించిన సెట్లను చూసి, ద్వారక నిజంగా ఇలాగే ఉండేదని ఎవరూ అనుకోరు. కాని అసలైన పల్లెలో తీసిన చిత్రం చూస్తే, అక్కడ ఉన్నది ఉన్నట్టుగా తీశారని సులభంగా నమ్మేస్తాం. చరిత్ర విద్యార్థి జాగ్రత్తపడవలసింది ఇక్కడే.

బోడాల్ గ్రామంలోని ఇల్లు

బన్సీ చంద్రగుప్త 1924లో సియాల్‌కోట్‌లో జన్మించి, కాశ్మీర్‌లో పెరిగి, కలకత్తా చేరారు. 1947లో ఏర్పడిన కలకత్తా ఫిల్మ్ సొసైటీలో సత్యజిత్ రాయ్‌తో పాటు ఆయన కూడా ఉన్నారు. ఫ్రెంచి దర్శకుడు జాన్ రెన్వార్ బెంగాల్‌లో 'ది రివర్' (1951) తీసినప్పుడు, కళాదర్శకుడు యూజీన్ లూరియే దగ్గర పనిచేసి అనుభవం సంపాదించారు.

'పథేర్ పాంచాలి' (1955)లోని హరిహర్ ఇల్లు మీకు గుర్తుండే ఉంటుంది. కలకత్తా సమీపంలోని బోడాల్ గ్రామంలో ఒక పాడుబడిన ఇంటిని అద్దెకు తీసుకున్నారు. అది నిజమైన ఇల్లే. అయితే దొరికినది దొరికినట్టుగా కథకు సరిపోలేదు. చిత్రీకరణకు ముందు మరమ్మతులు, మార్పులు చేయవలసి వచ్చింది. రాత్రి సన్నివేశాలను స్టూడియోలో తీశారు. పగలు పల్లెలోనూ, రాత్రి స్టూడియోలోనూ కనిపించేది ఒకే ఇల్లని ప్రేక్షకుడు నమ్మాలి. గోడమీది మరక, తలుపు పాతదనం రెండుచోట్లా కలవకపోతే ఆ నమ్మకం చెదిరిపోతుంది. పేదరికాన్ని చూపడానికి కూడా ఎంత శ్రమ కావాలో గమనించండి.

లొకేషన్ ఎవరి చెప్పుచేతల్లోనూ ఉండదు. 1952 అక్టోబరు 27న రెల్లుపూల పొలంలో చిత్రీకరణ మొదలైంది. మరుసటి ఆదివారం తిరిగి వెళ్లేసరికి పశువులు ఆ పూలను మేసేశాయి. ఆ దృశ్యాన్ని పూర్తిచేయడానికి మళ్లీ పూలు పూసే కాలం వరకు ఆగవలసి వచ్చింది. ఇది చదివి నవ్వుకోవచ్చు. కాని డబ్బు లేక పలుమార్లు ఆగిన చిత్రానికి అది చిన్న దెబ్బ కాదు.

స్టూడియోలో కాశీ ఇల్లు

తరువాతి చిత్రం 'అపరాజితో' (1956)కు గంగాతీరపు ఘట్టాలను కాశీలోనే తీశారు. ఇంటి లోపలి భాగాన్ని ఆరుబయట సెట్‌గా వేయాలని చంద్రగుప్త మొదట అనుకున్నా, వానల భయంతో దానిని కలకత్తా స్టూడియోలోకి మార్చవలసి వచ్చింది. నడుమ వాకిలి, చుట్టూ గదులు ఉన్న ఆ ఇంటిలో ఆకాశం నుంచి నీడలు లేని వెలుగు దిగాలి. స్టూడియో దీపాలతో అది సాధ్యం కాదని ఛాయాగ్రాహకుడు సుబ్రతో మిత్ర వాదించారు. చివరకు వాకిలి మీద తెల్లని గుడ్డ పరిచి, దీపాల కాంతిని దానిపై పడేసి కిందికి మళ్లించారు. కళాదర్శకుని నిర్ణయం ఛాయాగ్రహణంలో కొత్త పద్ధతికి దారితీసిన సందర్భం ఇది.

మనం గ్రహించవలసినది

ఈ ఉదాహరణలను బట్టి, లొకేషన్ దృశ్యం కూడా తయారైనదేనని తెలుస్తుంది. అయితే తయారైనది గనుక అబద్ధమని తేల్చేయకండి. 'పథేర్ పాంచాలి'లోని ఇల్లు, బెంగాలీ పల్లెజీవితాన్ని 1950లలోని కళాకారులు ఎలా అర్థం చేసుకున్నారో చెప్పే ఆధారం. ఆ ఊరి ఇళ్లన్నీ అలాగే ఉండేవనడానికి మాత్రం అది ఆధారం కాదు. ఈ రెండింటి మధ్య తేడాను గుర్తించడమే చరిత్రకారుని పని.

తెలుగులో బి. నర్సింగరావు తీసిన 'దాసి' (1988) నిజాం కాలపు తెలంగాణ గడిని చూపుతుంది. ఈ చిత్రానికి కళాదర్శకత్వం వహించిన చిత్రకారుడు తోట వైకుంఠంకు జాతీయ పురస్కారం లభించింది. గడుల జీవితం గురించి మీలో చాలామంది ఇంట్లో పెద్దలు చెప్పగా విని ఉంటారు. చూసినవారు చెప్పిన గడికి, తెరమీది గడికి ఎక్కడ పోలిక ఉంది, ఎక్కడ తేడా వచ్చింది?

అభ్యాసం: 'దాసి' నుంచి గాని, మీకు తెలిసిన మరో చిత్రం నుంచి గాని ఒక ఇంటి దృశ్యాన్ని తీసుకోండి. అందులో ముందునుంచీ ఉన్నవిగా తోచేవి, చిత్రం కోసం చేర్చినవిగా తోచేవి వేర్వేరుగా రాయండి. మీ ఊహకు కారణం కూడా చెప్పండి. వయసు మళ్లిన వారెవరితోనైనా మాట్లాడి ఆ జాబితాను సరిచూసుకోండి.