భూసేకరణ: మనం రాయించే ధర

ప్రభుత్వం పొలం తీసుకుంటే రైతుకి ఎంతివ్వాలి? నోటిఫికేషన్ నాటి మార్కెట్ విలువ ఇమ్మంది 1894 చట్టం. బలవంతంగా తీసుకుంటున్నందుకు పైన మరో 15 శాతం. 1984లో దాన్ని 30 చేశారు. బానే ఉంది కదా! చిక్కల్లా ఆ విలువ తేల్చడంలోనే. చుట్టుపక్కల రిజిస్ట్రేషన్ దస్తావేజులు చూస్తారు. స్టాంపు డ్యూటీ తగ్గించుకోడానికి వాటిలో మనం ఎంత రాయిస్తామో మీకూ తెలుసు, నాకూ తెలుసు.

2013 చట్టం మూడేళ్ళ అమ్మకాల్లో ఎక్కువ ధర పలికిన సగం దస్తావేజుల సగటు చూడమంది. పల్లెల్లో ఆ విలువని రెండు రెట్ల దాకా పెంచి, అంతే మొత్తం మళ్ళీ కలపమంది. ఫార్ములా మారింది సరే, ఇన్‌పుట్ చాలావరకు పాతదే.

నా స్థలమూ నేను అలాగే రిజిస్టర్ చేయించుకున్నాను. ఆ రోజు నాకు మిగిలిన డబ్బులో పక్క పొలం రైతుది ఎంతో?