జీతం దానమా, బాకీనా?

చిన్నప్పుడు మా ఇంట్లో ఒకటో తారీకంటే జీతం వచ్చే రోజు కాదు, జీతం కోసం ఎదురుచూడ్డం మొదలయ్యే రోజు. నాన్న సర్కారు బడిలో మాస్టారు. ఏ ఏడో తారీకో, పదో తారీకో "బిల్లు పాసయ్యిందట" అని కబురొస్తే, కిరాణా కొట్టు పద్దు పుస్తకం బయటికొచ్చేది. కోర్టుకెళ్ళొచ్చు కదా అని ఎవరైనా అంటే నాన్న నవ్వేసేవారు, "సర్కారు మీద కేసా?" అని.

తమాషా ఏంటంటే, సర్కారు మీద జీతం కోసం దావా వెయ్యొచ్చా అన్నది ఒకప్పుడు కోర్టులకే తేలని ప్రశ్న. తెల్లదొరల సిద్ధాంతం ప్రకారం ఉద్యోగం రాజుగారి దయ. కాబట్టి జీతమూ దయే. చేసిన పనికి కూలి కాదు, ప్రభువు ఇచ్చిన ఈనాం అన్నమాట. 1926లో స్కాట్లండ్ కోర్టు ముల్వెన్నా కేసులో దాదాపు ఇదే చెప్పింది. 1947లో మన ఫెడరల్ కోర్టు తారాచంద్ కేసులో, కాదు, దావా వెయ్యొచ్చంది. మరుసటేడే లండన్‌లోని ప్రివీ కౌన్సిల్ ఐ.ఎం.లాల్ అనే ఐసీఎస్ అధికారి విషయంలో మళ్ళీ పాత పాటే పాడింది. స్వాతంత్ర్యం వచ్చాక కూడా!

దీన్ని తెంచింది 1954లో సుప్రీం కోర్టు. అబ్దుల్ మజీద్ అనే బీహార్ పోలీసు ఎస్సైని ఉద్యోగం తీసేసి, మళ్ళీ తీసుకున్నారు, మధ్య కాలం జీతం మాత్రం ఎగ్గొట్టారు. ఇక్కడ జడ్జిల తర్కం నాకు భలే నచ్చింది. సివిల్ ప్రొసీజర్ కోడ్ 60వ సెక్షన్ ప్రకారం, ఉద్యోగి అప్పు తీర్చకపోతే అప్పిచ్చినవాడు అతని జీతంలో కొంత జప్తు చేయించుకోవచ్చు. అప్పులవాడు రాబట్టుకోగలిగిన సొమ్ము, సంపాదించినవాడు రాబట్టుకోలేడా? అంటే జీతం దానం కాదు, సర్కారు ఉద్యోగికి పడ్డ బాకీ. కోడ్‌లో ఎక్కడో మూలనున్న ఒక్క లైను పట్టుకుని మొత్తం సిస్టమ్‌ని మార్చడమంటే ఇదే :)

తర్వాత 1971లో దేవకీనందన్ ప్రసాద్ కేసు. ఈయన బీహార్ విద్యాశాఖ మనిషి. పెన్షన్ కూడా సర్కారు దయాదాక్షిణ్యం కాదు, ఉద్యోగి ఆస్తి అంది సుప్రీం కోర్టు. ఆస్తి హక్కు 1978 సవరణతో ప్రాథమిక హక్కు కాకుండా పోయినా, 300ఎ అధికరణంలో బతికుంది. చట్టం లేకుండా ఎవరి ఆస్తీ లాక్కోకూడదని దాని సారాంశం.

ఈ పాత కథంతా 2020లో మన టీచర్లకి అక్కరకొచ్చింది. కరోనా రాగానే ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం మార్చి 31న జీవో 26 ఇచ్చి, మామూలు ఉద్యోగుల జీతంలో సగం "వాయిదా" వేసింది. ఎప్పుడిస్తారో లేదు. వైద్య, పోలీసు, పారిశుద్ధ్య సిబ్బందికి త్వరగానే పూర్తి జీతం ఇచ్చేశారు, అది న్యాయమే. బడులు మూతబడ్డాయి కాబట్టి టీచర్లు సగం జీతం క్యూలోనే ఉండిపోయారు. ఒక రిటైర్డ్ జిల్లా జడ్జి, దినవహి లక్ష్మీ కామేశ్వరి గారు, హైకోర్టులో పిల్ వేశారు. ఆగస్టులో హైకోర్టు 300ఎ ఎత్తి చూపించి, ఆపిన సొమ్ము 12 శాతం వడ్డీతో కట్టమంది. ప్రభుత్వం అసలు గురించి పేచీ పెట్టలేదు, వడ్డీ మీదే సుప్రీం కోర్టుకి పోయింది. 2021 ఫిబ్రవరిలో సుప్రీం కోర్టు, వడ్డీ అనేది సర్కారుకి శిక్ష కాకూడదంటూ 6 శాతానికి దించింది గానీ, ఎత్తెయ్యలేదు. నన్నడిగితే 12కీ 6కీ తేడా పెద్ద విషయం కాదు. పాతిక వేలు ఏడాది ఆగితే మూడు వేల బదులు పదిహేను వందలు, అంతే కదా. మహమ్మారి వచ్చినా బాకీ బాకీయే అన్నదే అసలు తీర్పు.

అయితే సర్కార్లు కూడా పాఠం నేర్చుకున్నాయి. కేరళలో 2020 ఏప్రిల్‌లో హైకోర్టు జీతాల వాయిదాపై స్టే ఇస్తే, రోజుల్లోనే ఆర్డినెన్స్ తెచ్చారు. తెలంగాణలోనూ జూన్‌లో ఆర్డినెన్సే. చట్టం లేకుండా లాక్కోకూడదంటే, చట్టం చేసుకుంటే సరి!

2023 జనవరిలో ఆంధ్రాలో ఒక ఉద్యోగ సంఘం గవర్నర్ దగ్గరికెళ్ళి, ఒకటో తారీకున జీతమిచ్చేలా చట్టం చెయ్యమని అడిగింది. నాన్నకి ఫోన్లో ఈ వార్త చెప్పాను. "ఏ నెల ఒకటో తారీకో కూడా రాయించుకోమను" అన్నారు.